పిడుగు పడవ

మూడో రాయి షట్టర్‌కి తగలగానే సబీహా లైట్లన్నీ ఆర్పేసింది.

బయట ఏలూరు పవర్‌పేట నడినెత్తి ఎండలో మాడిపోతోంది. లోపల చీకటి. రేకు మీద రాయి పడ్డ ప్రతిసారీ పదడుగుల రిపేరు కొట్టు మొత్తం గంట కడుపులో కూర్చున్నట్టు మోగుతోంది.

"గేము పెట్టి మనిషిని చంపేశార్రా! ఆ సల్మాన్‌గాణ్ణి బయటికి పంపమనండి!"

"వాడు లోపల లేడెహె, ఎప్పుడో పారిపోయాడు. వాళ్ళక్క ఉందంతే."

"అయితే ఆవిణ్ణే రమ్మను!"

సబీహా పనిబల్ల కింద ముడుచుకు కూర్చుని ఫోను చెవికి గట్టిగా ఆనించుకుంది. అవతల తాడేపల్లిగూడెం ఎస్సై నిరంజన్. ఆయన గొంతు పెంచడు. ఆమెకి భయం అందుకే.

"చూడమ్మా, ఇవాళ గురువారం. శనివారం మధ్యాహ్నానికల్లా మీ తమ్ముడు నా ముందు కూర్చోవాలి. లేదంటే మీ నానమ్మగారిని తెచ్చి కూర్చోబెడతాను. ఎనభై ఏళ్ళంటగా? స్టేషను బెంచీ మీద ఆవిడకి కష్టమమ్మా."

"వాడు ఆదివారం గూడెం రానేలేదండీ. శనివారమే ఆ గేము డబ్బా ఇచ్చేసి వచ్చేశాడు."

"ఫొటోలో వాడి పేరుంది కదా," అన్నాడు నిరంజన్. ఫోను పెట్టేశాడు.

ఆ ఫొటో ఇప్పుడు జిల్లాలో ఎవరి ఫోను తెరిచినా ఉంది. మొన్న ఆదివారం మధ్యాహ్నం తాడేపల్లిగూడెంలో నాగసాయి అనే పాతికేళ్ళ కుర్రాడు వీడియో గేము ముందు ఫిట్సు వచ్చి చనిపోయాడు. బ్యాంకులో గుమాస్తా, రోజూ రైల్లో ఏలూరు వచ్చి వెళ్ళేవాడు. తండ్రి దత్తాత్రేయులు రిటైరైన హెడ్మాస్టరు. కొడుకు పక్కన వెలుగుతూ మిగిలిన టీవీని ఆయనే ఫొటో తీసి పోలీసులకిచ్చాడు. నల్లటి తెర మీద తెల్లటి అక్షరాలు, ఒకదాని కింద ఒకటి.

SAI
AND
SAL

సాయి అండ్ సాల్. ఆ షాపు కుర్రాడు కళ్ళు చెదిరే మెరుపుల గేము తెచ్చి పెట్టాడు, మావాడితో కలిసి ఆడాడు, మావాడు పడిపోతే చూస్తూ పారిపోయాడు. ఇదీ ఫిర్యాదు. మావాడికి బుద్ధెరిగి ఒక్కసారి కూడా ఫిట్సు రాలేదని చివర్లో విడిగా ఒక వాక్యం రాసి, కింద గీత గీశారు మాస్టారు.

వార్త విన్న గంటలో సల్మాన్ బండెక్కి మాయమైపోయాడు. కొంప ముంచింది ఆ పరుగే.

బయట అరుపులు నెమ్మదించాయి. ఎండకి తట్టుకోలేక జనం సోడా బండి వైపు జరిగినట్టున్నారు. అప్పుడు వినిపించింది, వెనక తలుపు మీద వేళ్ళ చప్పుడు. మూడుసార్లు. చాలా నెమ్మదిగా.

సబీహా స్క్రూడ్రైవరు చేతిలోకి తీసుకుంది.

"ఎవరు?"

"నేనక్కా. శ్రీహితని. నాగసాయి చెల్లెల్ని."

స్క్రూడ్రైవరు దించకుండానే తలుపు ఓరగా తీసింది. సందులో పందొమ్మిదేళ్ళ పిల్ల, లంచ్ బ్యాగు గుండెకి అదుముకుని నిలబడి ఉంది. తలకి నూనె లేదు, నుదుట బొట్టు లేదు. రెండు రోజులుగా అన్నం ముట్టని ముఖం.

"కాలేజీలో హాల్‌టికెట్టు తెచ్చుకోవాలని చెప్పి ప్యాసింజరెక్కి వచ్చేశానక్కా. సాయంత్రంలోగా దీన్ని మళ్ళీ అక్కడే పెట్టేయాలి."

బ్యాగులోంచి తువ్వాలు చుట్టిన వస్తువు తీసి బల్ల మీద పెట్టింది. అరచేతిలో పట్టే బూడిదరంగు డబ్బా, సన్నటి వైర్లతో రెండు కంట్రోలర్లు. ఒకప్పుడు ఇళ్ళలో పెద్ద పెట్టెల్లా ఉండే వీడియో గేముకి చిట్టి నకలు. ముప్ఫై పాత గేములు దాంట్లోనే వేసి అమ్ముతారు, ఇంకేమీ ఎక్కించడానికి వీల్లేదంటారు. ఎక్కించడం సల్మాన్‌కి తెలుసు. సబీహా దాన్ని తిరగేసింది. అడుగున గులాబీరంగు గోళ్ళరంగు చుక్క. తమ షాపు గుర్తు.

"ఏమైంది దీనికి?"

శ్రీహిత గొంతు తగ్గించింది. "ఇది దానంతటదే ఆడుతోందక్కా."

సబీహా డబ్బా పక్కన పెట్టి పిల్ల వైపు చూసింది.

"అన్నయ్య గదికి నాన్నగారు తాళమేసేశారు. తాళంచెవి ఆయన జంధ్యానికే ఉంటుంది. పెరటి వైపు తలుపుకి లోపల గడియ. రెండు పూటలా దీపంలో నూనె పోయడానికి ఆయనొక్కరే వెళ్తారు. టీవీ వైపు చూడరు కూడా. ఇవాళ పొద్దున ఆయన నూనె సీసా మర్చిపోయి వంటింట్లోకి వెళ్ళిన నిమిషంలో దూరి దీన్ని తెచ్చాను. మంగళవారం మధ్యాహ్నం మూడింటికి ఆ గదిలోంచి పాట వినిపించింది. గేము పాట. నీళ్ళ అడుగునుంచి వస్తున్నట్టు మూసుకుపోయి. నిన్న కూడా సరిగ్గా మూడింటికే."

"మీ నాన్నగారు విన్నారా?"

"విన్నారు. వసారాలో స్తంభం పట్టుకుని అలా నిలబడిపోయారు. పురోహితుడికి ఫోన్ చేసి శాంతి ఏదైనా ఉందా అని అడిగారు." పిల్ల పెదాలు తడుపుకుంది. "అన్నయ్య పోయింది ఆ టైముకే అక్కా."

సబీహా కుర్చీ లాక్కుని కూర్చుంది. డబ్బాని బల్ల మీది మానిటర్‌కి కలిపి పవర్ నొక్కింది. గేముల వరస వచ్చింది. చిట్టచివర సల్మాన్ ఎక్కించినవి. ఈ డబ్బాకి తెలుగు అక్షరాలు పడవు, గడులు గడులుగా వస్తాయి. అందుకని వాడు తెలుగు పేర్లే ఇంగ్లీషు అక్షరాల్లో కొట్టేవాడు. PIDUGU PADAVA. ఎవరో సరదాకి తయారుచేసి ఊరికే పంచిపెట్టిన గేము. తుఫానులో ఒక పడవ, చుట్టూ పిడుగులు. పిడుగు పడ్డప్పుడల్లా తెర మొత్తం తెల్లగా వెలిగి ఆరుతుంది.

నొక్కింది. స్కోర్ల పట్టీ వచ్చింది.

SAI
SAI
SAI
AND
SAL

ఫొటోలో ఉన్నవి మూడు వరసలు. ఇక్కడ ఐదు.

"పోయాక రెండుసార్లు ఆడాడు," అంది శ్రీహిత.

చీకటి కొట్టులో తెర తెల్లగా మెరిసి ఆరింది. ఇద్దరి నీడలూ షట్టరు మీద ఒక్క క్షణం లేచి పడిపోయాయి.

సబీహా డబ్బాని ఆపి, రీసెట్ బటన్ నొక్కి పట్టుకుని మళ్ళీ ఆన్ చేసి, వైరు ల్యాప్‌టాప్‌కి గుచ్చింది. డబ్బా లోపలి ఫైళ్ళు ఒక్కొక్కటీ తెర మీదకి దిగాయి. తేదీలు చూసింది. అన్నిటికీ ఒకే తేదీ, ఆమె పుట్టకముందుది. ఈ డబ్బాకి గడియారం లేదు. బతికి ఉండగా ఆడినా పోయాక ఆడినా దానికి ఒకటే రోజు.

కానీ ల్యాప్‌టాప్‌కి గడియారం ఉంది. గేము ఎక్కించాక సల్మాన్‌కి ఒక అలవాటు. ప్రతి కొత్త గేమూ తనే ఒకసారి ఆడి, ఓడిపోయి, పేరు రాసి, డబ్బా ఆపి మళ్ళీ వేసి, ఆ పేరు నిలబడిందో లేదో చూస్తాడు. నిలబడితే దాని నకలు ఒకటి ఖాతాదారు పేరు మీద ల్యాప్‌టాప్‌లో దాచి, అప్పుడు సరుకు ఇస్తాడు. 'నాగసాయి గూడెం' అన్న ఫోల్డరు తెరిచింది. శనివారం ఉదయం పదకొండూ పది. పట్టీలో ఒక్కటే పేరు. SAL.

తమ్ముడు ఆ పేరు రాసింది గూడెంలో కాదు. ఈ బల్ల ముందు, ఈ కుర్చీలో.

సబీహా కళ్ళు తుడుచుకుంది. మరుక్షణంలోనే ఆ సంతోషం చల్లారిపోయింది. ల్యాప్‌టాప్‌లో తేదీ ఎవరైనా మార్చొచ్చంటాడు నిరంజన్. అక్క తమ్ముడి వైపు చెప్పక ఇంకేం చెప్తుందంటాడు.

"శ్రీహితా, మీ అన్నయ్యకి అంతకుముందు ఫిట్సు ఉండేవా?"

తువ్వాలు చుడుతున్న పిల్ల చేతులు ఆగిపోయాయి.

"నాకు రైలు టైమైపోతోందక్కా," అని లంచ్ బ్యాగు జిప్పు లాగేసుకుంది.

*

శుక్రవారం మధ్యాహ్నం సబీహా స్కూటీ మీద కొల్లేటి దారి పట్టింది. వెనక ఎవరూ రావడం లేదని రెండుసార్లు ఆగి చూసుకుంది. రోడ్డుకి రెండు పక్కలా చేపల చెరువులే. చేపలకి గాలి అందేలా ఏరేటర్లు నీళ్ళని ఎగజిమ్ముతున్నాయి. మేత బస్తాల పులిసిన వాసన. గట్ల మీద కొంగలు, కదిలితే తమ మీదకేదో నేరం వస్తుందన్నట్టు నిలబడి ఉన్నాయి.

నానమ్మ మహబూబ్ బీ ఇల్లు చిట్టచివరి గట్టు మీద. రేకుల పంచలో కాళ్ళు చాపుకుని వల బాగుచేస్తోంది. మనవరాలిని చూసి సూది ఆపకుండానే గడ్డంతో మేత కొట్టు వైపు చూపించింది.

సల్మాన్ బస్తాల మధ్య కూర్చుని ఉన్నాడు. ఐదు రోజుల గడ్డం.

"రేపు నిన్ను తీసుకెళ్ళాలిరా," అంది సబీహా.

"తీసుకెళ్ళు ఆపా. నేనే చంపాను."

"నోర్ముయ్."

"నిజం ఆపా. ఆ మెరుపులకి నాకే కళ్ళు తిరిగాయి. తీసేద్దామనుకున్నా. పడవ గేము కావాలని అతనే అడిగాడని ఉంచేశా. ఫిట్సు ఉన్నాయని ఒక్క మాట చెప్పుంటే..." వాడు మోకాళ్ళ మధ్య తల దూర్చుకున్నాడు. "కళ్ళు మూసుకుంటే చాలు, తెల్లగా వెలిగి ఆరుతోంది."

చెయ్యి పట్టి లాక్కొచ్చి పంచలో కూర్చోబెట్టింది. ముద్ద తినిపించబోతే తల తిప్పుకున్నాడు. ఫోనులో ఆ ఫొటో తెరిచి వాడి ముందు పెట్టింది.

"ఇది చూసి చెప్పు. ఆదివారం ఇంకెవరున్నారక్కడ?"

"ఎవరున్నారో నాకేం తెలుసు? సాయి అండ్ సాల్ అని రాసుంది. ముందు నా పేరుంది కదా, దాని మీద అండ్ అని పెట్టి, ఆ పైన తన పేరు రాసుకున్నాడేమో సరదాకి."

"ఏంటది? గట్టిగా చదవండి," అంది మహబూబ్ బీ.

"ఇంగ్లీషు నానమ్మా."

"ఇంగ్లీషైతే చెవిలో దూరదా? చదువు."

సబీహా చదివింది. "సాయి. అండ్. సాల్."

"సాయి చచ్చిపోయినోడు. సాల్ ఈడు. ఆ మధ్యలో ఆడెవడు?"

"ఎవడూ కాదు. అండ్ అంటే ఇంగ్లీషులో 'ఇంకా' అని. సాయీ ఇంకా సల్మానూ అని."

ముసలావిడ వలలోంచి సూది బయటికి లాగింది. "ఇది ఏం పట్టీ అన్నావు?"

"ఎవరెంత బాగా ఆడారో మార్కుల పట్టీ."

"ఒక్కోళ్ళకి పక్కన అంకె ఉంటదా?"

"ఉంటుంది."

"ఆ మధ్యదానికి?"

సబీహా ఫొటోని వేళ్ళతో పెద్దది చేసింది. పేర్లకి కుడివైపు, టీవీ అంచున, మసకగా మూడు అంకెలున్నాయి. మూడూ వేరువేరు.

"ఉంది," అంది.

"మరి 'ఇంకా'కి మార్కులెందుకొచ్చాయే?"

అక్కాతమ్ముళ్ళిద్దరూ ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. జిల్లా మొత్తం చదివింది ఆ ఫొటో. ఇంగ్లీషు వచ్చినవాళ్ళందరూ చదివారు.

"మూడు గడులే ఉంటాయి పేరుకి," అన్నాడు సల్మాన్ నెమ్మదిగా. "ఎంత పొడుగు పేరైనా మూడక్షరాలే పడతాయి. నా పేరు సాల్ అయినట్టు."

"అండ్... ఆండ్..." మహబూబ్ బీ నాలుక మీద తిప్పి చూసింది. "నా చిన్నప్పుడు కరణంగారింట్లో ఆండాళ్ళమ్మగారని ఉండేది. పచ్చళ్ళు పెట్టేది మహాతల్లి."

సబీహా అప్పటికే శ్రీహిత నంబరు నొక్కేసింది. రెండు రింగులకే తీసింది ఆ పిల్ల.

"శ్రీహితా, మీ అమ్మగారి పేరేంటి?"

"ఆండాళ్ళు. ఏం అక్కా?"

ఆ మాట వెనక, చాలా దూరంగా, బావిలోంచి వస్తున్నట్టు సన్నటి పాట. అవే నాలుగు ముక్కలు మళ్ళీ మళ్ళీ తిరుగుతున్నాయి. సబీహా ఫోనులో టైము చూసింది. మూడూ రెండు.

"అక్కా... వినిపిస్తోందా నీకు?" అంది శ్రీహిత.

"మీ అమ్మగారు ఎక్కడున్నారు ఇప్పుడు?"

"పెరట్లో. గిన్నెలు తోముతోంది." చెప్పుల చప్పుడు. తలుపు కిర్రుమంది. "లేదక్కా. గిన్నెలున్నాయి. అమ్మ లేదు."

తర్వాత అడక్కుండానే ఆ పిల్ల ఏడుస్తూ చెప్పేసింది. "చిన్నప్పట్నుంచీ ఉన్నాయక్కా అన్నయ్యకి. రోజూ మాత్రలేసుకునేవాడు. మూడేళ్ళుగా ఒక్కసారీ రాలేదు. ఎవరడిగినా లేదని చెప్పమన్నారు నాన్నగారు. నేను హాస్టల్లో ఉన్నాను ఆదివారం. ఏం జరిగిందో నాకు తెలీదక్కా, ఒట్టు."

సల్మాన్ లేచి నిలబడి చొక్కా దులుపుకున్నాడు. "రేపటిదాకా ఎందుకు ఆపా? ఇప్పుడే పోదాం."

"ముందు అన్నం తిను," అంది మహబూబ్ బీ సూది మళ్ళీ వలలో గుచ్చుతూ.

*

శనివారం రెండింటికి సల్మాన్ గూడెం స్టేషన్లో నిరంజన్ ముందు కూర్చున్నాడు. ఎస్సై అడిగినట్టే తెచ్చి కూర్చోబెట్టింది సబీహా. నిరంజన్ వాడి వైపు చూడకుండా పెన్ను మూత తీశాడు.

"ఒక్కటి అడగొచ్చాండీ?" అంది సబీహా.

"అడుగమ్మా."

"ఆ ఫొటోలో అండ్‌కి మార్కులెందుకొచ్చాయండీ?"

నిరంజన్ నవ్వబోయాడు. అలవాటుగా ఫోను తీసి ఫొటో పెద్దది చేశాడు. నవ్వు సగంలో ఉండిపోయింది. ఆమె ల్యాప్‌టాప్ తిప్పి పోయిన శనివారం నాటి నకలు చూపించింది. తర్వాత ఐదు వరసల పట్టీ. మొన్న మంగళవారం, బుధవారం వచ్చిన పేర్లు. చివరికి ఆ తల్లి పేరు చెప్పింది.

"తేదీలు మార్చొచ్చు," అన్నాడు.

"మార్చొచ్చండీ. పాట కూడా నేనే పాడుతున్నానంటే ఇక నేనేం చెప్పలేను. మూడింటికి వచ్చి మీరే వినండి."

నిరంజన్ పెన్ను జేబులో పెట్టుకున్నాడు. "నువ్వు చెప్తే సరిపోదమ్మా. నేను చెప్పినా సరిపోదు. ఆ ఇంట్లోవాళ్ళు చెప్పాలి. చెప్పకపోతే మీవాడు ఇక్కడే ఉంటాడు." టోపీ అందుకుని కానిస్టేబులు హెన్రీని కేకేశాడు. "పుస్తకం తీసుకో."

దత్తాత్రేయులు వసారాలో చాప మీద కూర్చుని ఉన్నాడు. గీసుకోని గడ్డం, భుజాన తడి తువ్వాలు. జనాన్ని చూసి లేవలేదు.

"మైలలో ఉన్నామండీ ఎస్సైగారూ. ఆ కుర్రాణ్ణి పట్టుకున్నారని విన్నాను. సంతోషం. ఈవిడెందుకండీ మా గుమ్మంలోకి?"

"చిన్న సందేహం మాస్టారూ. ఆదివారం మీ అబ్బాయి పక్కన ఇంకెవరైనా..."

నిరంజన్ మాట పూర్తికాలేదు.

మూసి ఉన్న గదిలో పాట మొదలైంది.

నాలుగు ముక్కలు. ఆగి, మళ్ళీ అవే నాలుగు ముక్కలు. గోడ లోపల ఎవరినో పాతిపెడితే అక్కడినుంచి పాడుతున్నట్టుంది. తలుపు కింది సందులోంచి తెల్లటి వెలుగు వసారా గచ్చు మీదకి జారి, ఆరిపోయింది. మళ్ళీ జారింది. హెన్రీ పుస్తకాన్ని ఛాతీకి అడ్డం పెట్టుకుని ఒకడుగు వెనక్కి వేశాడు.

"తాళం తీయండి మాస్టారూ."

"లోపల ఎవరూ లేరండీ." దత్తాత్రేయులు జంధ్యాన్ని పిడికిట్లో బిగించి పట్టుకున్నాడు. తాళంచెవి ఆయన వేళ్ళ మధ్య గలగలలాడుతోంది. పాఠాలు చెప్పిన ఆ పెద్ద గొంతు పిల్లిగొంతైపోయింది. "వాడేనండీ. రోజూ వస్తున్నాడు. నన్ను రమ్మంటున్నాడు."

సబీహా ఆగలేదు. ఇంటి పక్కనుంచి పెరట్లోకి నడిచింది. నిరంజన్ వెనకే వచ్చాడు. గట్టు మీద సగం తోమిన గిన్నెలు. గది వెనక తలుపు దగ్గరగా వేసి ఉంది. రెక్కల మధ్య సందులో ఒక చీపురుపుల్ల ఇరుక్కుని ఉంది. పాతకాలపు గడియ. పుల్ల దూర్చి పైకి ఎత్తితే చాలు. ఆ ఇంట్లో ముప్ఫై ఏళ్ళుగా చీపురు పట్టిన చేతికి తప్ప ఆ సంగతి తెలిసే అవకాశం లేదు.

నిరంజన్ తలుపు తోశాడు.

గదిలో దీపం వాసన. టీవీకి బొంత చుట్టేసి ఉంది, తెర మాత్రం కనపడేలా. మెరుపు మెరిసినప్పుడల్లా గోడలు, మంచం, కొక్కేనికి వేలాడుతున్న బ్యాంకు చొక్కా తెల్లగా లేచి మాయమవుతున్నాయి. చాప మీద ఒక చిన్న మనిషి, బాసింపట్టు వేసుకుని, కంట్రోలరు రెండు చేతులా పట్టుకుని కూర్చుని ఉంది. ఆమె పక్కన ఒక తలగడ. దాని మీద రెండో కంట్రోలరు, బటన్లు పైకి ఉండేలా, జాగ్రత్తగా ఎవరికో అందేలా.

తెర మీద పడవ మునిగింది. పట్టీ వచ్చింది.

"ఒక్క నిమిషం ఉండండి బాబూ," అంది ఆండాళ్ళు వెనక్కి తిరగకుండా. "పేరు రాసేస్తాను."

S. A. I. ఒక్కో అక్షరం దగ్గరా ఆగి, సరిచూసుకుని నొక్కింది.

"మీరెవరమ్మా? ఎండన పడి వచ్చినట్టున్నారు, మంచినీళ్ళు తాగారా?" అని అడిగింది సబీహాని.

"తర్వాత తాగుతానండీ. టీవీకి ఈ బొంతెందుకండీ?"

"రిమోటు నా దగ్గర లేదమ్మా. స్విచ్చి వేస్తే ఆ రోజు ఉన్న చప్పుడే వస్తోంది. వీధంతా వినపడుతుందని చుట్టాను."

సబీహా వెళ్ళి బొంత లాగేసింది. మోత ఒక్కసారిగా గది నిండింది. అద్దాలు అదిరాయి. గుమ్మంలోకి వచ్చిన శ్రీహిత చెవులు మూసుకుంది. ఇలాంటి టీవీలు సబీహా చేతిలో వందలు తిరిగాయి. తెర అడుగు అంచున వేలు పాకించి దాచి ఉన్న బటన్ పట్టుకుని ఒక్కసారి కిందికి నొక్కింది. తెర మూలన అంకె వెలిగింది. తొంభై తొమ్మిది. అంటే నూరు దగ్గర వదిలేశారు. ఇంకా పెంచడానికి ఆ టీవీలో చోటు లేదు. ఆమె నొక్కుతూనే పోయింది. అంకె సున్నాకి దిగింది. పాట చచ్చింది.

ఆ నిశ్శబ్దంలో నిరంజన్ చాప పక్కన గొంతుక్కూర్చున్నాడు.

"ఆదివారం మీరిక్కడే ఉన్నారా అమ్మా?"

"ఉన్నాను బాబూ. నా పేరుందిగా."

"మరి ఇన్నాళ్ళూ ఎందుకు చెప్పలేదు?"

ఆండాళ్ళు ఆశ్చర్యంగా చూసింది. "ఫొటోలో చూసి మీరే వచ్చి అడుగుతారనుకున్నాను. టీవీ వార్తల్లో కూడా వేశారు కదా. నాకు ఇంగ్లీషు రాదు. నా పేరు మాత్రం వాడే రాయించాడు ఆ రోజు. మూడే గడులున్నాయమ్మా, మిగతాది మనసులో అనుకో అన్నాడు. ఎ రాశాను. ఎన్ రాశాను. డి దగ్గరికొచ్చేసరికి నా ఒళ్ళోకి ఒరిగిపోయాడు."

హెన్రీ పుస్తకం తెరిచాడు.

"వాడికి సంబంధం మాట్లాడటానికి చింతలపూడి నుంచి పెళ్ళివారొచ్చారు ఆ పూట. హాల్లో కాఫీలు తాగుతున్నారు. ఆ ముందు గురువారమే వాడి మాత్రలన్నీ తీసి పారేయించారు, వాళ్ళ కంట పడతాయని. మూడేళ్ళుగా రాలేదుగా, ఇంకెందుకన్నారు. నేను కేకేశాను బాబూ. వచ్చారు. చూశారు. నోట్లో కొంగు కుక్కుకోమని సైగ చేశారు. రిమోటు తీసి చప్పుడు పెంచారు. లోపల అబ్బాయి గేము ఆడుకుంటున్నాడని వాళ్ళకి చెప్పడం నాకు వినపడింది. తలుపు వేశారు. వాళ్ళు కారెక్కేదాకా తియ్యలేదు." ఆమె తలగడ మీది కంట్రోలరు వైరు సర్దింది. "ఇరవై నిమిషాలు. ఆ పాటే. అప్పటికి వాడు చల్లబడిపోయాడు. అందుకే రోజూ ఆ టైముకి వస్తాను. ఒక్కడే వినకుండా."

"ఎవరమ్మా? మాత్రలు తీసేయించింది, చప్పుడు పెంచింది ఎవరు?"

"శ్రీహిత వాళ్ళ నాన్నగారండీ."

"అలా రాయడానికి కుదరదమ్మా," అన్నాడు నిరంజన్ మెత్తగా. "పేరు కావాలి. మీ నోటితో."

లోపలి తలుపు తాళం తిరిగింది. దత్తాత్రేయులు గడపలో నిలబడ్డాడు. ఆయన గొంతు మళ్ళీ హెడ్మాస్టరు గొంతయింది.

"ఆండాళ్ళూ. లే. లోపలికి నడు."

ఆమె లేవబోయింది. ముప్ఫై ఒక్క ఏళ్ళ అలవాటు. కాళ్ళు వాటంతటవే మడత విప్పుకున్నాయి. కొంగు దానంతటదే భుజం మీదకి వెళ్ళింది. సగం లేచి, ఆగింది. శ్రీహిత గోడకి ఆనుకుని తల్లినే చూస్తోంది. స్టేషన్లో బెంచీ మీద తమ్ముడు ఎదురుచూస్తున్నాడు.

ఆండాళ్ళు మళ్ళీ చాప మీద కూర్చుంది. భర్త ముఖంలోకి సూటిగా చూసింది. పెదాలు ఒకసారి కదిలాయి, శబ్దం రాలేదు. గుడిలో గోత్రనామాలు అడిగినా, రేషన్ కార్డు వాళ్ళు అడిగినా పక్కవాళ్ళ చేత చెప్పించిన పేరు అది. ఆమె నాలుకకి దాని బరువు తెలియదు.

"దత్తాత్రేయులు," అంది.

హెన్రీ పెన్ను ఆగిపోవడం చూసి, గొంతు సవరించుకుని, ఈసారి గట్టిగా చెప్పింది.

"రాసుకోండి బాబూ. దత్తాత్రేయులు."